‘అనిఖ’

నల్లసముద్రపు తూర్పుతీరమున, కాకసస్ పర్వతముల నీడలో నివసించు అబ్ఖాజులు తమ పుణ్యస్థలమును ‘అనిఖ’ యందురు; ఇందలి మొదటి అకారము ఆ భాషలో నామములకు ముందు చేరెడి ఉపపదము మాత్రమే కావున, సమాసమున నది జాఱిపోయి, ఏడు ప్రధానస్థలముల సముదాయమునకు ‘బిఝ్నిఖ’ యను పేరు కలిగినది. గోపురప్రాకారములను వెదకుచుఁ బోవువానికి నిరాశయే: అనిఖకు గోడలతోఁ బనిలేదు, కొండయో, తోపో, యొక వృక్షమో చాలును. అచందర గ్రామము చెంతనున్న దిద్రిప్ష్ పర్వతమున చిచ్బా వంశీయులే అర్చకులు. బలిపశువు గుండెను, కాలేయమును హేజెల్ కఱ్ఱకుఁ గ్రుచ్చి చేతఁబట్టి ప్రార్థించుట వారి యాచారము. దొంగతనము మోపఁబడినవాఁడు అనిఖ యెదుటనే నిర్దోషినని ప్రమాణము సేయును. బొంకినచో కీడు వాని యింటివారిని గూడ వెన్నాడునని నమ్మిక. వింత యేమనఁగా, చర్చిలో వ్రేలాడు క్రైస్తవుల పవిత్రచిత్రమునకును ఆ భాషలో నీ పేరే.