చెప్పినమాట వినని బొమ్మలు

మన యిండ్లలో బాలికలు బొమ్మల పెండ్లి చేయుట చిరకాలముగా నున్న వేడుక. పెండ్లికూతురు బొమ్మను ఎచ్చట కూర్చుండబెట్టిన నచ్చటనే కూర్చుండును. వరుని నేరుకొన్నది తాను గాదు. ముహూర్తము పెట్టినది తాను గాదు. అయినను ఒక్కమాటయు ననదు. తోలుబొమ్మలాటయందును అంతే. తెరవెనుక నున్నవాని చేతి పుల్ల కదలినగాని రావణుని చేయి లేవదు. పదునొకండవ శతాబ్దమున భోజరాజు రచించిన సమరాంగణసూత్రధారమున యంత్రముల కొక ప్రత్యేకాధ్యాయమే కలదు. అందు వర్ణింపబడిన కొయ్యబొమ్మలును నిర్మాత యమర్చినట్లు కదలునవియే. కావున బొమ్మ యనగా ఇచ్ఛ లేనిది అని లోకము తలంచుచు వచ్చెను. ఆ బొమ్మను చూచియే కాబోలు, కొన్ని తరములు ఆడుపిల్లను గూర్చియు నట్లే తలంచినవి.

అయితే గడచిన డెబ్బదియైదేండ్లుగా పాశ్చాత్యదేశములందును, జపానునందును చిత్రమైన బొమ్మల వంశ మొకటి పెరుగుచు వచ్చినది. ఈ బొమ్మలు చెప్పినమాట వినవు. జీవితము ననుకరించు వీడియో ఆటలలో తెరమీద కనుపించు కుక్కలు, పిల్లులు తమకు ఆకలి యైనప్పుడు తినును, విసుగు పుట్టినప్పుడు తిరుగును, పిలిచినను రావు, అలిగి ఇల్లు విడిచి పోవును. ఈ కల్పితజంతువులకు ఈ స్వతంత్రప్రవర్తన మెట్లు సంక్రమించెనో, దానివలన గృహస్థులమైన మనము తెలిసికొనవలసిన దేమో విచారించుట ఈ వ్యాసమునకు ఉద్దేశము.

ముందుగా స్వతంత్రత యన నేమి? పాణిని వ్యాకరణమున కర్తకు చెప్పిన లక్షణము స్వాతంత్ర్యమే. వంట చేయునది వంటవాడు గదా. కాని ‘కుండ వండుచున్నది’ యని యనుటయు కలదని వైయాకరణులు చర్చించిరి. కుండకు ఇచ్ఛ యెక్కడిది? చెప్పువాడు దానిని స్వతంత్రముగా చెప్పగోరెను గనుక, ఆ వాక్యమున అది కర్త యయ్యెను. దీనినే వారు వివక్ష యనిరి. అనగా కర్తృత్వము కొంత వస్తువునందును, కొంత మాటలాడువాని మనస్సునందును ఉండును. ఈ సూక్ష్మమును చదువరులు మనసున నుంచుకొనవలెనని కోరెదము.

ఈ వంశమునకు ఆదిపురుషులు రెండు తాబేళ్లు. ఇంగ్లండులో బ్రిస్టలు నగరమందలి బర్డెన్ నాడీశాస్త్ర సంస్థలో గ్రే వాల్టరు అను శాస్త్రజ్ఞుడు 1948, 1949 సంవత్సరములలో ఎల్మరు, ఎల్సీ యను పేర్లతో రెండు చిన్న యంత్రములను నిర్మించెను. ఒక్కొక్కదానియందు రెండేసి వాల్వులు మాత్రమే యుండెను. అవి వెలుతురును వెదకికొని పోవును. అడ్డము తగిలిన ప్రక్కకు తొలగును. బ్యాటరీ క్షీణించినప్పుడు తమ గూటిలోని దీపమును గుర్తించి అచ్చటికి చేరి శక్తిని నింపుకొనును. అవి ఎటు పోవునో ముందుగా చెప్పుట నిర్మించినవానికే కష్టమయ్యెను. లోపల నొక యాకలి, వెలుపల నొక లోకము: ఈ రెంటి కలయికచేత ఇచ్ఛవంటి దొకటి చూచువారికి తోచునని ఆ తాబేళ్లు నిరూపించినవి. పిదప వచ్చిన కల్పితజంతువు లన్నియు ఈ సూత్రమును విస్తరించినవే.

కంప్యూటరు తెరపైకి ఈ భావము వచ్చుటకు కొంతకాలము పట్టెను. 1985లో అమెరికాలో యాక్టివిజన్ సంస్థవారు ‘లిటిల్ కంప్యూటర్ పీపుల్’ అను నొక యాటను ప్రకటించిరి. దానిని రూపొందించినవారిలో ముఖ్యుడు డేవిడ్ క్రేన్. తెరపై మూడంతస్తుల యిల్లు. అందులో నొక చిన్న మనిషి, అతని కుక్క. ఆడువాడు ఆ మనిషిని నడపలేడు. అతడు తన యిచ్ఛవచ్చినట్లు పియానో వాయించును, ఉత్తరములు వ్రాయును, నిద్రించును. అతనిచే నేదైన చేయింపవలెనన్న ‘దయచేసి’ యని మర్యాదగా అడుగుట మేలు; అడిగినను అతడు చేయవచ్చును, మానవచ్చును. తెరపైని బొమ్మను దయచేసి యని వేడుకొనుట మనుష్యచరిత్రలో క్రొత్త విషయమే గదా!

1995లో సాన్ ఫ్రాన్సిస్కోలోని పీ.ఎఫ్. మ్యాజిక్ సంస్థ ‘డాగ్జ్’ అను కుక్కపిల్లను కంప్యూటరు తెరమీదికి తెచ్చెను. మరుసటియేడు పిల్లులును వచ్చినవి. వానిని ముద్దాడవచ్చును, తప్పుచేసినప్పుడు నీళ్లు చల్లి మందలింపవచ్చును. ఉపేక్షించిన అవి పారిపోవును. 1996 నవంబరు 23వ తేదీన జపానులో బందాయి సంస్థవారు ‘తమగోచ్చి’ని విడుదల చేసిరి. గ్రుడ్డు, గడియారము అను అర్థములుగల రెండు మాటలను కలిపి ఆ పేరు పెట్టిరి. గ్రుడ్డంత పరికరము, మూడు మీటలు, అందులో నొక చిన్న ప్రాణి. ఇది ఆకలి యైన పిలుచును, రోగము వచ్చిన పిలుచును. ఒక్కొక్కప్పుడు ఏ యక్కరయు లేకయే పిలుచును, పెట్టిన తిండిని నిరాకరించును. అప్పుడు దానిని శిక్షించుటకు వేరొక యేర్పాటు కలదు. కారణములేని యీ మారాము పొరపాటుగా వచ్చినది కాదు. నిర్మాతలు బుద్ధిపూర్వకముగా చేర్చినది. మాట వినునదైన అది పరికరము. వినకపోవుటచేతనే బిడ్డ యయ్యెను.

తమగోచ్చికి మన వేళలతో పనిలేదు. బాలుడు బడిలో నున్నను దాని యాకలి యాగదు. అందుచేత పిల్లలు వానిని తరగతులకు దెచ్చుటయు, పెక్కు పాఠశాలలవారు వానిని నిషేధించుటయు జరిగెను. జపాను తమగోచ్చి మరణించినప్పుడు తెరపై సమాధి కనుపించెడిది. అమెరికాలో అమ్మినదానియందు ఆ దృశ్యమును మార్చి, ప్రాణి దేవదూతయై తన లోకమునకు పోయినట్లు చూపిరి. 1997లో దాని సృష్టికర్తలైన ఆకీ మాయితా, ఆకిహిరో యోకోయి యనువారికి ‘ఇగ్ నోబెల్’ అను హాస్యబహుమానము అర్థశాస్త్రమున నీయబడెను. లక్షలకొలది మనుష్యుల పనిగంటలను లేని జంతువుల పోషణకు మళ్లించినందుకట! నవ్వవలసినదే, కాని లేని ప్రాణి యాకలికి ఉన్న మనుష్యుడు లేచి పరుగెత్తె ననుట నవ్వుతో ముగియు విషయము కాదు.

అదే 1996లో ఇంగ్లండున స్టీవ్ గ్రాండ్ అనునతడు ‘క్రీచర్స్’ అను నాటను నిర్మించెను. అందలి ‘నార్న్’ అను ప్రాణులకు ఇంచుమించు 1000 కల్పిత నాడీకణములును, వానిని కలుపు 5000 బంధములును గల మెదడు నిచ్చెను. దేహమునందు ఆకలి, నొప్పి, విసుగు, ఒంటరితనము మున్నగువానికి రసాయనముల నేర్పరచెను. తల్లిదండ్రుల లక్షణములు బిడ్డలకు సంక్రమించు బీజముల నమర్చెను. నార్న్‌ను చక్కిలిగిలి పెట్టిన సంతోషించును, కొట్టిన నొచ్చుకొనును. ఈ రెంటివలన నేది చేయదగినదో నేర్చుకొనును. ఇచ్చట నిర్మాత ప్రవర్తనమును వ్రాయలేదు. ప్రవర్తనము పుట్టుటకు తగిన దేహమును మాత్రము వ్రాసెను. భేదము గొప్పది. ఉపాధ్యాయులకు ఇది వెంటనే బోధపడును: బాలునిచే జవాబు చెప్పించుట వేరు, జవాబు పుట్టు బుద్ధిని పెంచుట వేరు.

ఇక నీ యాటలలో మిక్కిలి ప్రసిద్ధమైనది ‘ది సిమ్స్’. దీనిని 2000వ సంవత్సరము ఫిబ్రవరిలో మాక్సిస్ సంస్థ వెలువరించెను. నిర్మాత విల్ రైట్. 1991లో కాలిఫోర్నియాలోని ఓక్లండు కొండలలో చెలరేగిన యగ్నిప్రమాదమున అతని యిల్లు కాలిపోయెను. మరల నింటిని సమకూర్చుకొను శ్రమనుండియే గృహజీవితమును ఆటగా చేయవలెనను తలంపు కలిగెనని అతడే చెప్పెను. అంతకుముందతడు చీమలపుట్టను గూర్చి ‘సిమ్ యాంట్’ అను నాటను చేసియుండెను. చీమ స్వల్పబుద్ధిగల ప్రాణి. కాని దారిలో నున్న వాసన దానికి పని చెప్పును. ఆ యుపాయమే సిమ్స్‌లో గృహోపకరణములకు వచ్చెను. సంతలో బేరగాండ్రు కేకలు వేయునట్లు ప్రతి వస్తువును తన గుణమును చాటుకొనుచుండును. ‘నావలన ఆకలి యింత తీరును’ అని తిండి, ‘అలసట యింత తీరును’ అని మంచము. ఇంటిలోని మనిషి తన యక్కరల తీవ్రతను, వస్తువు దూరమును లెక్కించి, మేలైన కొన్నింటిలో నొకదానిని యాదృచ్ఛికముగా నెన్నుకొనును. ఎల్లప్పుడు మొదటిదానినే యెన్నుకొన్నయెడల అది గడియారమువలె కనుపించును. కొంచెము తడబాటుండుటచేత జీవివలె కనుపించును.

మనుష్యులకు గావించిన యీ యేర్పాటే పిదప జంతువులకును ఆధారమయ్యెను. 2002లో వచ్చిన ‘అన్‌లీష్డ్’ అను ననుబంధమున కుక్కలు, పిల్లులు ఆ యిండ్లలో ప్రవేశించెను. ఇంటిలోని మనుష్యులను ఆడువాడు నడపవచ్చును గాని జంతువులను నడపలేడు. 2006లో రెండవ సిమ్స్‌కు చేర్చిన జంతుభాగమునను అంతే. అయితే మెచ్చుకొనుటచేతను, గద్దించుటచేతను వానికి అలవాట్లు నేర్పవచ్చును. 2011లో మూడవ సిమ్స్‌కు వచ్చిన భాగమున మార్పు జరిగెను. గుఱ్ఱములు కూడ వచ్చినవి. ఆడువారు జంతువులను మనుష్యులవలెనే స్వయముగా నడపుటకు అధికారము దొరకెను. 2017 నవంబరు 10వ తేదీన నాలుగవ సిమ్స్‌కు వచ్చిన ‘క్యాట్స్ అండ్ డాగ్స్’ అను భాగమున ఆ యధికారము మరల తీసివేయబడెను. అంతియేకాదు, జంతువు ఆకలిని, అలసటను కొలిచి చూపు గీతలును ఆడువారికి కనుపింపవు. కుక్క ముఖమును, నడకను చూచి గ్రహింపవలెను. దగ్గరకు పోయి మాటలాడవలెను. ఒక కుక్క ఇంటి యంత్రమును చూచి బెదరును. పిల్లి వద్దన్న చోటికే యెక్కును. ఉపేక్షించిన పారిపోవును.

అధికారమును తీసివేయుట లోపమని కొంద రాక్షేపించిరి. వారి మాటయు త్రోసివేయదగినది కాదు. ఆడువారు కథ నల్లుకొనునప్పుడు కుక్క అడ్డుపడిన విసుగు కలుగును. కాని మేము చూచినంతవరకు, 2011నాటి కుక్క ఆడువాని చేతికి మఱియొక చేయి మాత్రమే. 2017నాటి కుక్క ఇంటిలో మఱియొకరు. మొదటిదానిని వాడుకొందురు, రెండవదానిని కనిపెట్టియుందురు. ఈ చరిత్రయందంతటను ఒక్క విషయమే మరల మరల రుజువగుచున్నది. యజమాని యధికారము తగ్గినకొలది ప్రాణి ప్రియమగుచు వచ్చెను. ప్రేమ విధేయతను కోరునని మన మనుకొందుము. నిజమునకు ప్రేమకు మొదట కావలసినది ఎదుట నొకరుండుట.

అయినను ఈ స్వాతంత్ర్యము నిజమా? కాదనియే చెప్పవలెను. అంకెలు తగ్గును, పెరుగును. వానిలో నొకటి యెన్నబడును. ఇది వైయాకరణుల కుండవంటిది. మన వివక్షచేత కర్త యైనది. ఇందుండియే ప్రమాదమును పుట్టుచున్నది. పారిపోయిన కల్పితకుక్క విషయమున, అంతకుముందు భద్రపరచిన స్థితినుండి ఆటను మరల మొదలుపెట్టిన, అది పోనే పోలేదు. వీధిలో కాలువిరిగిన కుక్కకు అట్టి స్థితి యెవరును భద్రపరచియుంచరు. బాలుడు మొదటిదానివలన కనికరమును నేర్చుకొనవచ్చును. చేసినదానికి ఫలము లేదనుటయు నేర్చుకొనవచ్చును. ఏది నేర్చుకొనునో ప్రక్కన కూర్చున్న పెద్దలనుబట్టి యుండును. అందుచేత ఈ యాటలను నిందించి లాగుకొనుటకంటె, పిల్లలతో కూర్చుండి, ‘అదెందుకు రాలేదు?’ అని యడుగుట మేలని మా యభిప్రాయము.

మాకు తెలిసిన యొక యింటిలో పదియవ తరగతి చదువు బాలిక యొకతె ఈ యాట నాడుచుండగా చూచితిమి. పిల్లి మంచముక్రింద దూరి యెంతకును రాదు. ఆమె పిలుచుట మానివేసి, తన మనిషిని ప్రక్కగదికి పంపి, కాచుకొని యుండెను. ఏమమ్మా యని యడుగగా, ‘దానికి ఇప్పుడు ఇష్టం లేదండీ. కాసేపు ఆగితే అదే వస్తుంది’ అనెను. అప్పుడే ప్రక్కగదిలో ఆమె తండ్రి, మా ఎదుటనే, ఆమెను ఇంటరులో గణితశాఖలో చేర్చుటకు ఫోనులో నొకరితో మాటలాడి నిశ్చయించుచుండెను. ఆమెకు జంతువైద్యము చదువవలెనని యున్నదని మాకు పిమ్మట తెలిసినది. ఆయన చెడ్డవాడు కాడు. బిడ్డపై ప్రాణము పెట్టుకొన్నవాడు. అడుగవలెనని ఆయనకు తోచలేదు, అంతియే.

యంత్రమునకు వివక్షచేత స్వాతంత్ర్య మిచ్చి, దాని యలుకకు కాచుకొని కూర్చుండుట నేర్చిన కాలమిది. మన యింటిలోని బిడ్డకు, భార్యకు, పనిచేయు పిల్లకు ఆ స్వాతంత్ర్యము మన వివక్షవలన రావలసినది గాదు, పుట్టుకతోనే వచ్చినది. వారి యక్కరలను కొలిచి చూపు గీతలు మనకును కనుపింపవు. దగ్గరకు పోయి అడుగవలసినదే. ఆ తండ్రితో మేమీ మాట చెప్పితిమి. ఆయన కొంతసేపు మాటలాడక, లేచి, బిడ్డ ప్రక్కకు పోయి కూర్చుండెను. పిల్లి యింకను మంచముక్రిందనే యుండెను.