రెండు ప్రశ్నార్థకాల కథ

మూడేళ్ళ క్రితం సంగతి. రాత్రి పదకొండున్నరకి ఒక కోర్ ఫైలు వచ్చింది. సముద్రాల అవతల కస్టమర్ దగ్గర మా ప్రోగ్రాం పడిపోయింది, చూడమని మెయిలు. జీడీబీలో తెరిచి బ్యాక్‌ట్రేస్ అడిగితే వరసగా పదిహేను లైన్లు. ప్రతి లైన్లోనూ ఒక హెక్స్ అడ్రసు, దాని పక్కన రెండు ప్రశ్నార్థకాలు. ఈ పనిలో ఉన్నవాళ్ళకి ఆ గుర్తులు చూస్తే కడుపులో ఏమవుతుందో నేను చెప్పక్కర్లేదు.

కస్టమర్‌కి పంపేముందు సింబల్స్ స్ట్రిప్ చేసి పంపారు. అది మామూలే. కానీ సింబల్స్ ఉన్న కాపీని ఎవరూ దాచలేదు. బిల్డ్ చేసిన మెషీన్ని కూడా ఎప్పుడో చెరిపేశారు. సోర్సు ఉంది కదా అని నేను అదే బ్రాంచి నుంచి మళ్ళీ బిల్డ్ చేసి, ఆ కొత్త సింబల్స్ తెచ్చి పాత కోర్ మీద పెట్టాను. వెంటనే పేర్లొచ్చేశాయి! పై లైన్లో మా టీమ్‌లోనే ఒకమ్మాయి రాసిన ఫంక్షన్. పాపం తను రెండ్రోజులు ఆ కోడు చుట్టూనే తిరిగింది. నేను మెయిల్లో మేనేజర్ని కూడా పెట్టాను మరి. మూడో రోజు తేలిందేమంటే, నా మెషీన్లో కంపైలర్ వెర్షన్ వేరు. ముందున్న ఫంక్షన్లు కొన్ని బైట్లు పెరిగి అడ్రసులన్నీ జరిగాయి. పక్కింటి నేమ్ బోర్డు తెచ్చి ఈ ఇంటికి తగిలించినట్టయింది. అసలు దోషి ఆ పక్క ఫంక్షన్. అది రాసిందెవరో మీరే ఊహించుకోండి :)

ఆ సిగ్గుతోనే ఈ చరిత్ర తవ్వడం మొదలెట్టాను. తవ్వేకొద్దీ ఒకటి అర్థమైంది. అడ్రసుని పేరుగా మార్చడం మనవాళ్ళకి చాలా తొందరగానే వచ్చేసింది. కానీ "ఈ పట్టిక ఈ ప్రోగ్రాందేనా?" అన్న ప్రశ్నకి యూనిక్స్ ప్రపంచంలో గట్టి జవాబు దొరకడానికి ముప్ఫై అయిదేళ్ళ పైనే పట్టింది.

1971 నాటి మొదటి యూనిక్స్‌లోనే ఎన్ఎం అనే కమాండు ఉంది. ప్రోగ్రాం ఫైలు చివర అతికించిన సింబల్ పట్టికని చదివి చూపించడమే దాని పని. ఏ పేరు ఏ అడ్రసులో ఉంది, అంతే. అప్పటి అవసరానికి అది చాలు. తర్వాత లైను నంబర్లు, వేరియబుల్ టైపులు కూడా కావాలన్నారు. బర్క్‌లీలో పీటర్ కెస్లర్ అనే ఆయన పాస్కల్ డీబగ్గర్ పీడీఎక్స్ కోసం ఒక ఉపాయం చేశాడని చెబుతారు. కొత్త పట్టిక పెట్టకుండా, పాత సింబల్ పట్టికలోనే పేరు పక్కన కోలన్ పెట్టి, దాని తర్వాత టైపు వివరాలని అక్షరాల్లో కుక్కేయడం. దీనికే స్టాబ్స్ అని పేరొచ్చింది. లింకర్‌కి ఏమీ తెలియనక్కర్లేదు, మామూలు సింబల్ అనుకుని మోసుకొచ్చేస్తుంది. బస్సులో టిక్కెట్టు లేకుండా సామాన్ల మధ్య కూర్చున్న పిల్లాడి లాగా. ఆ పిల్లాడు ఎంతకాలం ప్రయాణం చేశాడంటే, జీసీసీ 13వ వెర్షన్ (2023) దాకా దిగలేదు.

1986లో స్టాల్‌మన్ జీడీబీ రాశాడు. అప్పటికి ప్రతి కంపెనీకీ ఒక యూనిక్స్, ప్రతి యూనిక్స్‌కీ ఒక ఫైలు ఫార్మాటు. ఏ డాట్ అవుట్‌లోనే పది రకాలు, దానికి తోడు కాఫ్. డీబగ్గర్లోనూ లింకర్లోనూ అసెంబ్లర్లోనూ ఎక్కడికక్కడ "ఈ మెషీనైతే ఇలా చదువు" అని కోడు. ఇది భరించలేకే బీఎఫ్‌డీ అనే లైబ్రరీ పుట్టింది. సిగ్నస్ సపోర్ట్ కంపెనీలో స్టీవ్ చాంబర్లేన్, జాన్ గిల్మోర్, రిచర్డ్ పిక్స్‌లీ, డేవిడ్ హెంకెల్-వాలెస్ దాన్ని రాశారు. డబ్బు పెట్టించిన కారణాల్లో ఒకటి ఒరెగాన్‌లో ఇంటెల్ 960 ప్రాసెసర్ మీద పనిచేస్తున్న టీమ్. వాళ్ళకి రెండు ఫార్మాట్లున్నాయి, రెండూ ఒకదానితో ఒకటి కలవాలి.

పేరు వెనక కథ ఆ లైబ్రరీ డాక్యుమెంట్లోనే ఉంది. అలాంటి లైబ్రరీ రాయడం చాలా కష్టమని స్టాల్‌మన్ అన్నాడట. డేవిడ్ "బీఎఫ్‌డీ" అన్నాడట. అదేమంత పెద్ద విషయంలే అని తీసిపారేసే మోటు అమెరికన్ మాట అది. స్టాల్‌మన్ చెప్పిందే నిజమైంది, పేరు మాత్రం అలాగే ఉండిపోయింది. ఇప్పుడు మర్యాదగా బైనరీ ఫైల్ డిస్క్రిప్టర్ అంటున్నాం.

ఎందుకు కష్టం? బీఎఫ్‌డీ ఏ ఫైలునైనా చదివి, లోపల తన సొంత ఉమ్మడి రూపంలోకి మార్చుకుంటుంది. రాసేటప్పుడు అడిగిన ఫార్మాటులోకి తిప్పుతుంది. ఒక ఫార్మాటులో ఉన్న వివరానికి రెండోదాంట్లో చోటే లేకపోతే అది పోతుంది. రెండు భాషలు తెలిసిన మధ్యవర్తి ఉన్నా, రెండో భాషలో ఆ మాటే లేకపోతే ఏం చేస్తాడు? ఈ నష్టం గురించి రాసినవాళ్ళే డాక్యుమెంట్లో ఒప్పుకున్నారు. నాకు ఆ నిజాయితీ నచ్చింది. ఈ రోజుకీ మనం వాడే ఆబ్జ్‌డంప్, ఎన్ఎం, యాడర్‌టులైన్ అన్నీ దీని మీదే నడుస్తున్నాయి. సొంత టూల్లో వాడదామనుకుంటే మాత్రం ఆలోచించుకోండి, వెర్షన్ మారితే ఇంటర్‌ఫేసు కూడా మారిపోతుంది.

ఇక డ్వార్ఫ్. 1980ల మధ్యలో బెల్ ల్యాబ్స్‌లో, సిస్టమ్ ఫైవ్ రిలీజ్ 4 కోసం మొదలైంది. ఫైలు ఫార్మాటు పేరు ఎల్ఫ్ కాబట్టి దాని పక్కన మరుగుజ్జుని పెట్టారు. మొదటి వెర్షన్ పేరుకే మరుగుజ్జు, సైజు చూస్తే భీముడు. రెండో వెర్షన్లో గట్టిగా కుదించారు. ప్రతి ఇన్‌స్ట్రక్షన్‌కీ లైను నంబరు రాస్తే పట్టిక ప్రోగ్రాంని మించిపోతుంది కదా. అందుకని పట్టికకి బదులు, పట్టికని తయారుచేసే చిన్న బైట్‌కోడు పెట్టారు. డీబగ్గర్ దాన్ని నడిపిస్తే లైన్లు బయటికొస్తాయి. అంటే ప్రోగ్రాంని అర్థం చేసుకోడానికి ముందు ఇంకో బుల్లి ప్రోగ్రాం నడపాలి!

ఈ రెండో వెర్షన్ ముసాయిదా 1993లో వచ్చింది. వచ్చీరాగానే దిక్కులేనిదైపోయింది. మోటొరోలా 88000 ప్రాసెసర్‌లో పెద్ద లోపాలు బయటపడ్డాయి, కంపెనీ దాన్ని వదిలేసింది. దాన్ని నమ్ముకున్న ఓపెన్ 88 కూటమి కూలింది. ఆ కూటమి మద్దతు మీద ఉన్న యూనిక్స్ ఇంటర్నేషనల్ మూతపడింది. డ్వార్ఫ్ కమిటీ వాళ్ళ నీడలోనే ఉండేది. ఎక్కడో ఒక చిప్పు చెడిపోతే, చివరికి మన సింబల్స్ ఫార్మాటు ముసాయిదా దగ్గరే ఆగిపోయింది. మూడో వెర్షన్ 2005 చివర్లో గానీ రాలేదు. మధ్యలో ఉన్న పన్నెండేళ్ళూ ముసాయిదాని పట్టుకుని ఎవరికి తోచినట్టు వాళ్ళు కంపైలర్లు రాసుకున్నారు.

నా బాధకి జవాబు మాత్రం ఈ దారిలో ఎక్కడా లేదు. లైనక్స్ అభిమానిగా ఒప్పుకోవడం కష్టమే గానీ, ఆ విషయంలో ముందు మేలుకున్నది మైక్రోసాఫ్ట్. సింబల్స్‌ని పీడీబీ అనే వేరే ఫైల్లో పెట్టడం వాళ్ళకి పాత అలవాటు. వేరేగా ఉంటే విడిపోతాయి కదా, అందుకని ప్రోగ్రాంలోనూ పీడీబీలోనూ ఒకే గుర్తింపు సంఖ్య వేశారు. డీబగ్‌హెల్ప్ లైబ్రరీ ఆ సంఖ్య కలిస్తేనే సింబల్స్ ఎక్కిస్తుంది. సింబల్ సర్వర్‌కి కూడా ఆ సంఖ్యే తాళంచెవి. (డీబగ్‌హెల్ప్‌ని రెండు థ్రెడ్ల నుంచి ఒకేసారి పిలిచి దెబ్బతిన్నవాళ్ళు చేతులెత్తండి.) ఫార్మాటు మాత్రం చాలాకాలం గుట్టుగానే ఉంచారు. 2015లో కొంత కోడు గిట్‌హబ్‌లో పెట్టాక బయటివాళ్ళకి పని సులువైంది.

లైనక్స్‌లో అప్పటికి ఉన్నది డీబగ్‌లింక్. అంటే సింబల్ ఫైలు పేరు, దాని చెక్‌సమ్. తప్పు ఫైలైతే పట్టుకుంటుంది, సరైనది ఎక్కడుందో చెప్పలేదు. 2007లో రోలాండ్ మెక్‌గ్రాత్ ప్రతిపాదనతో ఫెడోరా 8లో బిల్డ్ ఐడీ వచ్చింది. లింకర్ ప్రతి బిల్డుకీ వేసే ముద్ర, మామూలుగా నలభై హెక్స్ అంకెలు. స్ట్రిప్ చేసినా పోదు. 2019లో ఎల్ఫ్‌యుటిల్స్ వాళ్ళు డీబగ్ఇన్ఫోడీ తెచ్చారు, ఐడీ ఇస్తే సింబల్సూ సోర్సూ నెట్ నుంచి పంపుతుంది.

ఇంత ఆలస్యం ఎందుకయింది? నా లెక్క ఇది. పాత డీబగ్గర్లు రాసినవాళ్ళ ఊహలో ప్రోగ్రాం రాసేవాడు, బిల్డ్ చేసేవాడు, డీబగ్ చేసేవాడు ఒక్కడే. కూర్చునే మెషీన్ కూడా ఒక్కటే. అక్కడ ఈ ప్రశ్నే పుట్టదు. హైదరాబాదులోనో బెంగుళూరులోనో కూర్చుని, ఎవరో ఎప్పుడో ఎక్కడో బిల్డ్ చేసిన దానికి కోర్లు చూసే మనలాంటివాళ్ళు ఆ లెక్కలో లేరు. సపోర్టు అంటే చిన్నచూపు చూసేవాళ్ళకి ఒకటి చెప్పాలి. ఆ పనికి సాధనమే వేరేగా కనిపెట్టాల్సి వచ్చింది.

మా టూల్‌చెయిన్ పాతది, బిల్డ్ ఐడీ ఆన్‌లో లేదు. ఆ గొడవ తర్వాత ఆన్ చేశారు. ఇప్పుడు ప్రతి బిల్డు చివరా సింబల్స్ వేరుచేసి, ఐడీలో మొదటి రెండక్షరాల పేరుతో ఉన్న ఫోల్డర్లో పెట్టే స్క్రిప్టు నడుస్తుంది. ఆ స్క్రిప్టు రాసింది నేను మెయిల్లో ఇరికించిన అమ్మాయే. వేరే కంపెనీకి వెళ్ళిపోయే వారం ముందు రాసిపెట్టి వెళ్ళింది.