కొండగోగు బంక – సూక్ష్మజీవి నిరోధక పూతలు: సమాచార పత్రం

చండ్రుగొండ మండలం 2016 అక్టోబరు 11న ఖమ్మం జిల్లా నుండి విడివడి భద్రాద్రి కొత్తగూడెం జిల్లాలో చేరినది. ఈ ప్రాంతపు పొడి ఆకురాల్చు అడవుల వంటి వాటిలో పెరిగే కొండగోగు చెట్టు బంక, గిరిజనులు సేకరించే చిన్నతరహా అటవీ ఉత్పత్తులలో ఒకటి.

ఈ బంకతో వెండి నానో కణాలను తయారుచేయవచ్చునని, అవి గ్రామ్ పాజిటివ్, గ్రామ్ నెగటివ్ బాక్టీరియాలు రెండింటినీ అరికట్టగలవని హైదరాబాదు శాస్త్రవేత్తలు 2010లో ‘కార్బోహైడ్రేట్ పాలిమర్స్’ పత్రికలో ప్రకటించారు. బంకలోని హైడ్రాక్సిల్, కార్బాక్సిలేట్ సమూహాలు వెండి లవణాన్ని వెండి కణాలుగా మార్చి, అవి ముద్దకట్టకుండా కాపాడతాయి. ఇందుకు వేరుగా హానికర రసాయనాలు అవసరం లేకపోవుట విశేషం. కణాల నుండి వెలువడే వెండి అయాన్లు బాక్టీరియా కణపొరను దెబ్బతీస్తాయి. గాయాల కట్లు, వస్త్రాలు, వైద్య పరికరాలపై వెండి పూతలకు ఈ గుణమే ఆధారం.

అయితే, ప్రయోగశాల ఫలితం వినియోగానికి అనుమతి కాదు. ఆహారంపై పూసే పూతలకు 2006 నాటి ఆహార భద్రత, ప్రమాణాల చట్టం నిబంధనలు వర్తిస్తాయి.

2006 నాటి అటవీ హక్కుల చట్టం ప్రకారం, సంప్రదాయంగా సేకరించే చిన్నతరహా అటవీ ఉత్పత్తులపై యాజమాన్య హక్కు గిరిజనులకు కలదు. ఆ హక్కు ఫలించాలంటే చెట్టు బ్రతకాలి. లోతైన గాట్లతో చెట్టు ఎండిపోతుంది. బెరడు, మట్టి కలిసిన బంకకు ధర తగ్గుతుంది. కావున కొత్త ఉపయోగాలతో పాటు, శాస్త్రీయ సేకరణ పద్ధతులకు కూడా పాత్రికేయులు, క్షేత్రస్థాయి అధికారులు విస్తృత ప్రచారం కల్పించవలసి ఉన్నది.