పుల్లరి నుంచి ‘మాలపల్లి’ దాకా

‘మాలపల్లి’ని సంఘసంస్కరణ నవలగా చదవడం మనకు అలవాటు. ఉన్నవ లక్ష్మీనారాయణ వితంతు వివాహాలు జరిపించిన మనిషి, గుంటూరులో వితంతు శరణాలయం నడిపిన మనిషి కనుక నవల కూడా ఆ దయలోంచే పుట్టిందంటారు. అయితే ఆయన్ని జైలుకు పంపింది సంస్కరణ కాదు, పల్నాటి గొడ్ల మేత. తాతల నాటి నుంచి మేపుకుంటున్న అడవిలోకి గొడ్డును తోలాలంటే సర్కారుకు తలకింతని పుల్లరి కట్టాలి. కట్టకపోతే గొడ్డు బందెలదొడ్డికి పోతుంది. 1921లో పల్నాటి పల్లెలు ఎదురుతిరిగాయి. ఊళ్లోకి వచ్చిన అధికారులకు తిండీ నీళ్లూ పుట్టనివ్వలేదు. సంగతి విచారించి రమ్మని గుంటూరు కాంగ్రెసు పంపగా ఉన్నవ, మాడభూషి వేదాంతం నరసింహాచార్యులతో కలిసి వెళ్లి అరెస్టయ్యారు. ‘మాలపల్లి’ ఆ శిక్షాకాలంలో రాయవేలూరు జైల్లో రాసిందే. ఆయన లోపల ఉండగానే, 1922 ఫిబ్రవరి 22న, పుల్లరి పోరాటానికి నాయకత్వం వహించిన కన్నెగంటి హనుమంతును మించాలపాడులో పోలీసులు కాల్చి చంపారు. చౌరీచౌరా హింస తర్వాత గాంధీ సహాయ నిరాకరణ ఉద్యమాన్ని ఆపి అప్పటికి పది రోజులే.

డబ్లిన్‌లో బారిస్టరు చదివి, ఐరిష్ పోరాటాన్ని దగ్గరగా చూసి, రష్యా విప్లవం సంగతి విన్నవాడికి పల్నాడు కొత్తగా ఏం నేర్పిందని అడగవచ్చు. దొరల రాజ్యం పోవాలనీ, పేదవాడి రాజ్యం రావాలనీ ఆ దేశాలు నేర్పి ఉంటాయి, కాదనను. కానీ నవలలో మాల యువకుడు సంగదాసు నడిపే కూలి తగాదా ఐర్లండుది కాదు, రష్యాది అంతకన్నా కాదు. ఊళ్లో పని మానేసి కామందును దారికి తెచ్చే పద్ధతి అది. అధికారికి మంచినీళ్లు ఇవ్వని పల్నాటి ఊరి చేతిలో ఉన్నదీ ఆ ఆయుధమే.

ఇంతకన్నా గట్టి అభ్యంతరం ఇంకొకటి ఉంది. పల్నాట తిరగబడింది గొడ్డూ గోదా ఉన్న రైతులు. నవలలో నలిగేది భూమి లేని మాలలు. పైగా సంగదాసును చంపే చౌదరయ్య కూడా రైతే. నిజమే. ఉన్నవ పల్నాటిని ఉన్నదున్నట్టు కథలో దించలేదు. సర్కారును న్యాయం అడుగుతున్న రైతు తన పాలేరుకు ఆ న్యాయం చేస్తున్నాడా అన్న ప్రశ్నను, రైతుల పక్షాన జైలుకెళ్లిన మనిషే వేశారు. తన వాళ్లనే నిలదీసిన ఆ ధైర్యం వల్లే నేను ‘మాలపల్లి’ని తక్కిన జాతీయోద్యమ నవలల కన్నా ఎత్తున పెడతాను. మద్రాసు ప్రభుత్వం 1923లో దాన్ని నిషేధించింది. పూర్తిగా విడుదల కావడానికి 1937లో కాంగ్రెసు మంత్రివర్గం రావలసి వచ్చింది.