మాయా లిపి: తగలబెట్టినవాడి రాతలే తాళంచెవి

మాయా నాగరికత అనగానే మనవాళ్ళలో సగం మందికి 2012 యుగాంతం గుర్తొస్తుంది. మిగతా సగానికి మయసభ. మొదటి బృందం ఆ ఏడాది డిసెంబర్ 21 దాకా టీవీ ఛానళ్ళు చూసి భయపడింది. రెండో బృందం మయాసురుడి సంతతే మెక్సికో వెళ్ళి పిరమిడ్లు కట్టారని ఇప్పటికీ ఈమెయిళ్ళు, వాట్సాప్‌లు పంపుతూనే ఉంది. ఈ రెంటికన్నా వందరెట్లు ఆసక్తికరమైన అసలు కథ ఒకటుంది. అది ఆ జనం తమ గురించి తాము రాసుకున్న కథ. దాన్ని చదవడానికి మనుషులకి నాలుగు వందల ఏళ్ళు పట్టింది. ఎందుకంత ఆలస్యమైందన్నదే ఇక్కడ చెప్పదలుచుకున్న సంగతి.

ముందు యుగాంతం గొడవ తేల్చేద్దాం, సాఫ్ట్‌వేర్ వాళ్ళకి ఇది రెండు నిమిషాల్లో అర్థమవుతుంది. యూనిక్స్‌లో 1970 జనవరి 1 నుంచి సెకన్లు లెక్కపెట్టినట్టే, మాయాలు క్రీ.పూ. 3114 ఆగస్టు నుంచి రోజులు లెక్కపెట్టారు. వాళ్ళ అంకెలు ఇరవై ఆధారంగా ఉంటాయి. చుక్క అంటే ఒకటి, గీత అంటే అయిదు, గవ్వ లాంటి గుర్తు అంటే సున్న. అవును, వాళ్ళు కూడా సున్నని సొంతంగా వాడారు, మన దగ్గర నేర్చుకోలేదు. రోజుల లెక్కలో మాత్రం ఒక స్థానంలో ఇరవైకి బదులు పద్దెనిమిదితో గుణించారు, ఏడాదికి దగ్గరగా ఉండాలని. దాంతో స్థానాల విలువలు 1, 20, 360, 7,200, 1,44,000 అవుతాయి. ఈ చివరిదాని పేరు బక్టున్. పదమూడు బక్టున్లు 2012 డిసెంబర్ 21కి పూర్తయ్యాయి. అంతే. స్కూటర్ మీటర్‌లో సున్నాలు పడ్డట్టు. వైటూకే పుణ్యమా అని ఎంతమంది తెలుగు కుర్రాళ్ళు అమెరికా విమానం ఎక్కారో మనకి తెలుసు కాబట్టి రోలోవర్ అంటే ఏంటో వేరే చెప్పక్కర్లేదు. పలెంకె అనే ఊళ్ళో ఒక శాసనం క్రీ.శ. 4772లో వచ్చే తమ రాజుగారి పట్టాభిషేక వార్షికోత్సవం గురించి మాట్లాడుతుంది. 2012లో లోకం అయిపోతుందనుకున్నవాళ్ళు రాసే మాటేనా అది?

సరే, అసలు విషయానికొద్దాం.

1562 జూలై 12. యుకటాన్‌లో మానీ అనే ఊరు. స్పెయిన్ నుంచి వచ్చిన ఫ్రాన్సిస్కన్ పాద్రీ డియేగో దె లాండా అక్కడి మాయాలు మతం మారాక కూడా చాటుగా పాత దేవుళ్ళనే కొలుస్తున్నారని విచారణ పెట్టాడు. చిత్రహింసలు పెట్టించాడు. వేలకొద్దీ విగ్రహాల్నీ, దొరికిన పుస్తకాల్నీ నడివీధిలో పోసి తగలబెట్టించాడు. అత్తిచెట్టు బెరడుతో చేసిన కాగితం మీద సున్నం పూత పూసి, రంగులతో రాసి, విసనకర్రలా మడతలు పెట్టిన పుస్తకాలవి. తరవాత అక్కడి తేమ, చెదలు, మిగతా పాద్రీలు కలిసి పని పూర్తిచేశారు. ఇవాళ ప్రపంచం మొత్తం మీద మిగిలినవి నాలుగే నాలుగు. డ్రెస్డెన్, మాడ్రిడ్, పారిస్‌లలో ఒక్కొక్కటి, మెక్సికోలో ఒకటి. ఈ నాలుగోది దొంగదని చాలాకాలం అనుమానించి, చివరికి 2018లో అసలైనదేనని తేల్చారు.

కథలో తమాషా ఇక్కడే ఉంది. లాండా చేసింది అధికారం మీరిన పని అని ఫిర్యాదులు వెళ్ళి, విచారణ కోసం స్పెయిన్‌కి రమ్మన్నారు. అక్కడున్నప్పుడు 1566 ప్రాంతంలో యుకటాన్ విశేషాల మీద ఒక పెద్ద గ్రంథం రాశాడు. అందులో మాయా అక్షరమాల అంటూ ఒక జాబితా ఇచ్చాడు. (ఆయనకేం శిక్ష పడలేదు, తరవాత బిషప్ అయి అదే యుకటాన్‌కి తిరిగెళ్ళాడు. అది వేరే సంగతి.) ఆ గ్రంథానికి మిగిలిన ఒక సంక్షిప్త ప్రతి 1862లో మాడ్రిడ్‌లోని ఒక గ్రంథాలయంలో బయటపడింది.

ఆ అక్షరమాల ఎలా తయారైందో ఊహించుకోండి. లాండా ఒక మాయా పండితుణ్ణి కూర్చోబెట్టి, "ఎ, బె, సె అని చెప్తా, మీ అక్షరాలు రాయి" అన్నాడు. ఎందుకంటే ఆయన దృష్టిలో లిపి అంటే స్పానిష్ లాగా ఇరవై ముప్పై అక్షరాలు. పాపం ఆ పండితుడు విన్నది విన్నట్టు రాశాడు. "బె" అంటే ఒక పాదముద్ర గీశాడు, ఎందుకంటే వాళ్ళ భాషలో "బె" అంటే దారి. ఏదైనా ఒక వాక్యం రాయమంటే "మా ఇన్ కాతి" అని రాసిచ్చాడు. అంటే "నాకిష్టం లేదు" అని! లాండా దాన్ని కూడా బుద్ధిగా గ్రంథంలోకి ఎక్కించేశాడు.

ఆ జాబితా పట్టుకుని శాసనాలు చదవబోయినవాళ్ళకి అంతా అయోమయమే వచ్చింది. దాంతో అది పనికిరాని చెత్త అని తీసి పక్కన పెట్టారు. డ్రెస్డెన్ గ్రంథాలయంలో పనిచేసిన ఫోర్స్‌టెమన్ 1880ల్లోనే అంకెలూ, కేలండరూ, శుక్రగ్రహం లెక్కలూ విప్పేశాడు. అంకెలు చదవడం వచ్చింది, మాటలు చదవడం రాలేదు. అందువల్ల శాసనాల నిండా అంకెలే ఉన్నాయని నిర్ణయించేశారు. ఇరవయ్యో శతాబ్దంలో ఈ రంగానికి మకుటం లేని మహారాజు ఎరిక్ థాంప్సన్. ఆయన మాట ప్రకారం మాయాలు నక్షత్రాలు చూసుకుంటూ కాలాన్ని పూజించే శాంతమూర్తులు. శాసనాల్లో రాజులూ యుద్ధాలూ ఉండవు, లిపిలో ఒక్కో గుర్తు ఒక్కో భావమే తప్ప శబ్దం కాదు. 1946లో బొనాంపాక్ గోడల మీద యుద్ధం, రక్తం కారుతున్న ఖైదీల బొమ్మలు దొరికినా ఈ నమ్మకం పెద్దగా చెక్కుచెదరలేదు. థాంప్సన్ తక్కువవాడేం కాదు. ఆయన ఇచ్చిన గుర్తుల నంబర్లే ఇప్పటికీ వాడతారు. కానీ డాక్యుమెంటేషన్ లేని పాత కోడ్‌ని చూసి "ఇందులో లాజిక్ ఏమీ లేదు, అంతా కామెంట్లే" అని సీనియర్ తేల్చేస్తే జూనియర్లు నోరెత్తుతారా? ఇదీ అంతే.

ఆ మహారాజు మాట వినక్కర్లేని చోటు ఒకటుంది, లెనిన్‌గ్రాడ్. అక్కడ యూరీ క్నోరొజోవ్ అనే ముప్పై ఏళ్ళ పరిశోధకుడు, ఒక్క మాయా శిథిలాన్ని కూడా కళ్ళతో చూడకుండా, అచ్చులో ఉన్న పుస్తకాల బొమ్మలు, లాండా జాబితా ముందేసుకుని కూర్చున్నాడు. ఆయన ఆలోచన చాలా సరళం. లిపిలో ముప్పై గుర్తులుంటే అక్షరమాల అవుతుంది. వేలకొద్దీ ఉంటే భావలిపి అవుతుంది. మాయాలో వందల్లో ఉన్నాయి. కాబట్టి కొన్ని గుర్తులు మాటలకి, కొన్ని "క", "కు" లాంటి గుణింతాలకి అయ్యుండాలి. లాండా ఇచ్చింది అక్షరమాల కాదు, గుణింతాల ముక్క! గుణింతం దిద్దుకుని పెరిగిన మనకి ఇది వెంటనే తడుతుంది గానీ, ఎ-బి-సి-డిలతో పెరిగినవాళ్ళకి తట్టలేదు.

పుస్తకంలో టర్కీ కోడి బొమ్మ మీద రెండు గుర్తులున్నాయి. మొదటిది లాండా "కు" అన్నది. యుకటాన్ మాయా భాషలో ఆ కోడిని "కుట్స్" అంటారు. అయితే రెండోది "ట్సు" కావాలి, చివరి అచ్చు పలకరు. మరో బొమ్మ కుక్కది, దాని పాత పేరు "ట్సుల్". చూస్తే మొదట అదే "ట్సు", తరవాత లాండా ఇచ్చిన "లు". ఇక పదకొండుని "బులుక్" అంటారు. పదకొండు ఉండాల్సిన చోట మొదటి గుర్తు చెరిగిపోయి, తరవాత "లు", "కు" ఉన్నాయి. మూడు టెస్ట్ కేసులూ పాస్! 1952లో ఇది అచ్చయింది. దానికి ముందు పత్రిక సంపాదకుడు మార్క్సిజం గొప్పదనం గురించి నాలుగు ముక్కలు తగిలించాడు. థాంప్సన్‌కి కావాల్సిన ఆయుధం దొరికింది. కమ్యూనిస్టు ప్రచారం అని కొట్టిపారేశాడు. ఆయన బతికున్నంత కాలం అమెరికాలో ఆ పేరు ఎత్తినవాళ్ళు బహు తక్కువ.

రెండో దెబ్బ ఇంకో రష్యన్ నుంచే, కానీ అమెరికాలో స్థిరపడిన ఆవిడ నుంచి. తత్యానా ప్రొస్కురియాకోవ్ ఆర్కిటెక్ట్. 1930ల మాంద్యంలో ఉద్యోగం దొరక్క శిథిలాల బొమ్మలు గీసే పనికి వెళ్ళింది. పియెద్రాస్ నెగ్రాస్ అనే చోట శిలాఫలకాలు జట్లు జట్లుగా ఉన్నాయి. ఒక్కో జట్టులో తేదీలు చూస్తే, ఒకటి పైకి చూస్తున్న కప్ప తలతో, కొన్నేళ్ళ తరవాతది పంటినొప్పికి కట్టు కట్టుకున్నట్టున్న తలతో వస్తున్నాయి. ఏ జట్టూ ఒక మనిషి ఆయుర్దాయం దాటడం లేదు. అంటే కప్ప పుట్టుక, పంటినొప్పి పట్టాభిషేకం! బొమ్మల్లో ఉన్నది దేవుళ్ళు కాదు, రాజులూ రాణులూ. ఆవిడ ఒక్క మాట కూడా శబ్దంగా చదవలేదు. లాగ్ ఫైల్‌లో టైమ్‌స్టాంప్‌లు మాత్రమే చూసి ప్రోగ్రామ్ ఏం చేస్తోందో చెప్పినట్టు. 1960లో ఇది వచ్చాక థాంప్సన్ కూడా ఆవిడదే నిజమని ఒప్పుకున్నాడు.

ఈ రెండు దారులూ 1973లో పలెంకెలో కలిశాయి. చిత్రలేఖనం చెప్పే టీచర్ లిండా షీలీ, విద్యార్థి పీటర్ మాథ్యూస్, భాషావేత్త ఫ్లాయిడ్ లౌన్స్‌బరీ ఒక సమావేశంలో కలిసి కూర్చుని, ఒక్క పూటలో ఆ ఊరి రాజుల వరస చాలావరకు తేల్చేశారు. పిరమిడ్ కింద 1952లో బయటపడిన సమాధిలో ఉన్నాయన పేరు పకాల్. 603లో పుట్టాడు, పన్నెండేళ్ళకి గద్దెనెక్కాడు, 683లో పోయాడు. ఆ శవపేటిక మూత మీది బొమ్మే, "రాకెట్ నడుపుతున్న గ్రహాంతరవాసి" అని ఇంటర్నెట్‌లో తిరిగేది! చుట్టూ ఆయన తాతముత్తాతల పేర్లు చెక్కి ఉంటే మనం రాకెట్ చూస్తున్నాం.

నా గోల ఇక్కడే. లిపి కష్టమై మాత్రమే ఇంత ఆలస్యం కాలేదు. ఆ భాష మాట్లాడే మనుషులు పక్కనే ఉన్నారు. కోడిని "కుట్స్" అనే రైతులు ఎన్నడూ ఎక్కడికీ పోలేదు. తొమ్మిదో శతాబ్దంలో దక్షిణాన నగరాలు ఖాళీ అయ్యాయి నిజమే, కానీ ఆఖరి స్వతంత్ర మాయా రాజ్యం 1697 దాకా నిలబడింది. ఇవాళ గ్వాటెమాలా, మెక్సికో, బెలీజ్‌లలో లక్షలాది మంది దాదాపు ముప్పై మాయా భాషలు మాట్లాడుతున్నారు. "మాయమైపోయిన మాయాలు" అనేది తెలుగులో బాగా కుదిరిన ప్రాస, అంతే. పండితులు శాసనాల్లో మనుషులుంటారని అనుకోలేదు, బయట పొలంలో ఉన్నవాణ్ణి ఆ శాసనాల వారసుడనీ అనుకోలేదు.

దీనికి కట్టిన మూల్యం పుస్తకాలతో ఆగలేదు. గ్వాటెమాలాలో 1960 నుంచి 1996 దాకా సాగిన అంతర్యుద్ధంలో రెండు లక్షల మందికి పైగా చనిపోవడమో గల్లంతవడమో జరిగింది. ఐక్యరాజ్యసమితి అండతో ఏర్పడిన కమిషన్ 1999లో ఇచ్చిన నివేదిక ప్రకారం, గుర్తించగలిగిన బాధితుల్లో 83 శాతం మాయాలే. పిరమిడ్లకి టికెట్లు అమ్ముకున్న దేశమే, వాటిని కట్టినవాళ్ళ మనవల ఊళ్ళు తగలబెట్టింది. ఆ హింస ఇంకా ఆగకముందే, 1980ల చివర్లో, లిండా షీలీ లాంటివాళ్ళు మాయా భాషలు మాట్లాడేవాళ్ళకే ఈ లిపి నేర్పడం మొదలుపెట్టారు. మానీలో మంటల తరవాత నాలుగు శతాబ్దాలకి, ఇంట్లో మాట్లాడే మాటలు రాతిమీద కనబడితే ఎలా ఉండి ఉంటుందో ఆలోచించండి.

మయాసురుడి కథ, గ్రహాంతరవాసుల కథ, యుగాంతం కథ, ఈ మూడూ చేసే పని ఒకటే. కట్టినవాళ్ళ చేతుల్లోంచి కట్టడాన్ని లాక్కుని ఇంకెవరికో ఇవ్వడం. మన అమరావతి స్తూపం అంగారకులు కట్టారని ఎవడైనా మెక్సికోవాడు అంటే మనకెంత మండుతుంది? కాబట్టి ఈసారి ఆ మయాసురుడి మెసేజ్ వస్తే ఫార్వర్డ్ చేసేముందు పకాల్ పేరొకసారి తలుచుకోండి. తన పేరూ, తన తల్లిదండ్రుల పేర్లూ శుభ్రంగా చెక్కించుకున్నాడాయన. మనం చదవడమే తరువాయి.