సభ జవాబు చెప్పని ప్రశ్న: కుప్పం ద్రౌపది, తరిగొండ వెంగమాంబ

ప్రాచీన కావ్యాలలోని స్త్రీపాత్రలను గూర్చి మన విమర్శకులు వ్రాసిన వ్యాసాలు చదువుతూంటే ఒక సంగతి తోస్తుంది. సీత సహనశీలి, సావిత్రి పతివ్రత, ద్రౌపది అభిమానవతి అన్న విశేషణాలతోనే చాలా వ్యాసాలు పూర్తవుతాయి. ఆ స్త్రీ ఏమడిగింది, అడిగినదానికి ఎవరైనా జవాబు చెప్పారా అన్న విచారణ తక్కువ. ఈ టపాలో ఆ విచారణ కొంత చేయాలని నా ప్రయత్నం. అందుకు ఎంచుకొన్న నేల మదనపల్లె, పుంగనూరు, కుప్పం. అంటే పాత చిత్తూరు జిల్లా పడమటి మండలాలు. కావ్యంలోని స్త్రీ గుడిలో అమ్మవారై వెలసిన నేల అది. కావ్యాలు వ్రాసిన స్త్రీ పుట్టి పెరిగిన నేల కూడా అదే.

కుప్పం తెలుగు, తమిళం, కన్నడం మూడూ వినిపించే చోటు. ద్రావిడ విశ్వవిద్యాలయాన్ని 1997లో అక్కడ నెలకొల్పడం ఊరికే జరిగిన పని కాదు. కుప్పం, పలమనేరు, పుంగనూరు చుట్టుపట్ల పల్లెల్లో ఎండకాలం వచ్చిందంటే ఏదో ఒక ఊళ్ళో "భారతం" జరుగుతూంటుంది. పగలు హరికథ, రాత్రి తెల్లవార్లూ వీధినాటకం. ద్రౌపదీ కల్యాణం, బకాసుర వధ, రాజసూయం, వస్త్రాపహరణం, కీచక వధ, కర్ణమోక్షం ఒకదాని వెంట ఒకటి సాగుతాయి. అర్జున తపస్సునాడు ఎత్తైన తపసుమాను పాతుతారు. వేషగాడు పద్యాలు పాడుతూ పైకెక్కి నిమ్మకాయలు, విభూతి విసిరితే, పిల్లలు లేని స్త్రీలు క్రింద కొంగు పట్టుకొని నిలబడతారు. చివరిరోజు ఊరి బయట మట్టితో దుర్యోధనుడి పెద్ద బొమ్మ పడుకోబెట్టి ఉంటుంది. భీముడు తొడ పగులగొడతాడు. ద్రౌపది ఆ నెత్తురు జుట్టుకు రాసుకొని ముడి వేసుకొంటుంది. ఆ సాయంత్రమే అగ్నిగుండం త్రొక్కుతారు.

ఇది జరిగే గుళ్ళను జనం ధర్మరాజుల గుళ్ళంటారు. గుడి పేరు భర్తది. ఉత్సవమంతా భార్య చుట్టూ తిరుగుతుంది. పుంగనూరులో సుగుటూరు గంగమ్మ, కుప్పంలో తిరుపతి గంగమ్మ జాతరలందుకొనే గ్రామదేవతలు. వారి ప్రక్కన నిలబడిన ద్రౌపదమ్మ మాత్రం కావ్యం నుండి నడిచివచ్చిన దేవత. ఆమె కథ కవిత్రయానికీ తెలుసు, వీధినాటకం మేళానికీ తెలుసు. రెండు చోట్లా ఆమె ఒక్కటేనా అన్నది మొదటి ప్రశ్న.

జుట్టు సంగతే చూడండి. దుశ్శాసనుడు పట్టి ఈడ్చిన కురులు రాజసూయంలో మంత్రజలంతో తడిసినవని వ్యాసుడు గుర్తుచేస్తాడు. ఆ అవమానం తీరేవరకు జుట్టు ముడవనన్న ప్రతిజ్ఞ మాత్రం వ్యాసభారతంలో స్పష్టంగా కనబడదు. ఆ కథను నాటకానికి ఎక్కించిన సంస్కృత కవి భట్టనారాయణుడు. వేణీసంహారంలో దుర్యోధనుడి నెత్తురంటిన చేతులతో ద్రౌపది జడ ముడుస్తానని భీముడు శపథం చేస్తాడు. కుప్పం దిక్కున జరిగేది దాదాపు ఇదే. ఒక తేడా ఉంది. సంస్కృత నాటకంలో శపథం భీముడిది, ముడిచే చేయి భీముడిది. పల్లెలో ప్రతిజ్ఞ ద్రౌపదిది. పద్దెనిమిది రోజుల కథ ఆమె విరబోసుకొన్న జుట్టు దగ్గర మొదలై ఆమె వేసుకొన్న ముడి దగ్గర ముగుస్తుంది. కురుక్షేత్ర యుద్ధం పాండవుల రాజ్యం కోసం జరిగిందని పండితుడంటాడు. ద్రౌపదమ్మ బాకీ తీరడానికి జరిగిందని పల్లె అంటుంది.

ఈ పల్లె ద్రౌపదికి తెలుగు కావ్యంలో దగ్గరి చుట్టం తిక్కన ద్రౌపది. ఉద్యోగపర్వంలో శ్రీకృష్ణుడు రాయబారానికి బయలుదేరుతూంటే, పాండవులు సంధి మాటలు మాట్లాడుతూంటే, ఆమె ముందుకు వచ్చి కురులు చేతబట్టి చూపుతుంది. సంధి మాట్లాడేటప్పుడు వీటిని తలచుకోమంటుంది. విరాటపర్వంలో కీచకుడు తన్నినప్పుడు కంకుభట్టు వేషంలోని ధర్మరాజు, సభలో నటివలె నిలబడకు, లోపలికి పొమ్మని మందలిస్తాడు. నటుని భార్య నటి కాక మరేమవుతుంది, జూదరి భార్యకు గౌరవం ఎక్కడిది అన్న అర్థం వచ్చేలా ఆమె బదులిస్తుంది. మారువేషం చెడకుండా, భర్త మనసులో గుచ్చుకొనేలా అన్నమాట అది. తిక్కన ఆమెను కేవలం కన్నీళ్ళతో నిలబెట్టలేదు, వాదంతో నిలబెట్టాడు.

వాదానికి మూలం సభాపర్వంలోనే ఉంది. ప్రాతికామి పిలువవచ్చినప్పుడు ద్రౌపది ఏడవదు. తిరిగి వెళ్ళి అడిగి రమ్మంటుంది: ఆయన ముందు తనను తాను ఓడాడా, నన్ను ఓడాడా? తనను ముందు ఓడినవాడు దాసుడు. దాసుడికి నన్ను పణం పెట్టే హక్కు ఉందా? ఇది కంటతడి పెట్టించే విన్నపం కాదు, ధర్మశాస్త్రం తెలిసినవారి ముందుంచిన వ్యవహారం. భీష్ముడు ధర్మం సూక్ష్మమన్నాడు. విదురుడు జవాబు చెప్పండని సభను హెచ్చరించాడు. కౌరవులలో వికర్ణుడొక్కడే ఆమె ఓడబడలేదని తీర్పు చెప్పాడు. తక్కిన సభ మౌనం. అంతలో చీర పెరిగింది.

ఇక్కడ నా అభిప్రాయం కొందరికి రుచించకపోవచ్చు. చీర పెరగడం ద్రౌపది మానాన్ని కాపాడింది. సభను కూడా కాపాడింది. అద్భుతం జరిగాక అందరూ చేతులు జోడించారు, ప్రశ్న మరుగున పడింది. చివరకు ధృతరాష్ట్రుడు వరాలిచ్చాడు. ఆమె మొదటి వరంతో ధర్మరాజునూ, రెండవదానితో తక్కిన నలుగురినీ దాస్యం నుండి విడిపించుకొని, మూడవది వద్దంది. వరం దయ. ఆమె అడిగింది దయ కాదు, న్యాయం. న్యాయం చెప్పినవారెవరూ లేరు.

ఇదే కథ ఈ నేలమీద పద్దెనిమిదవ శతాబ్దంలో మరొక రూపంలో నడిచింది. తరిగొండ వెంగమాంబ జననం 1730 ప్రాంతం, నిర్యాణం 1817. గుర్రంకొండ దగ్గరి తరిగొండ ఆమె ఊరు. బాల్యంలోనే భర్త పోయాడు. మదనపల్లెకు చెందిన సుబ్రహ్మణ్యశాస్త్రి ఆమెకు గురువు. భర్త పోయిన బ్రాహ్మణ స్త్రీ శిరోముండనం చేయించుకోవాలన్నది నాటి కట్టుబాటు. ఆమె ఒప్పుకోలేదు. ఊరు పుష్పగిరి పీఠాధిపతికి ఫిర్యాదు చేసిందనీ, ఆయన ముందు తెర వెనుక నిలిచి వాదించిందనీ, నమస్కరించమంటే ఆసనం దిగమని కోరి నమస్కరించగా ఖాళీ ఆసనం మండిపోయిందనీ కథ. తీసిన జుట్టు మళ్ళీ మొలుస్తుంది కదా, మొలవకుండా చేయగలిగితే తీయించండి అని ఆమె అడిగిందని కూడా చెప్పుకొంటారు.

కథలో చారిత్రకాంశం ఎంతో తేల్చడం నా ఉద్దేశం కాదు. కథ అల్లిక చూడండి. మళ్ళీ జుట్టు, మళ్ళీ సభ, మళ్ళీ తర్కబద్ధమైన ప్రశ్న, మళ్ళీ అద్భుతం. ఆసనం కాలింది కనుక ఆమె మహాత్మురాలు, కనుక ఆమె జుట్టు ఆమెకు ఉండవచ్చు. అద్భుతం చూపలేని మరొక వితంతువు సంగతేమిటి? ఆ ప్రశ్నకు జవాబు రాలేదు. ఆ పల్లెల్లోనే మరెందరో బాలవితంతువుల తలలు బోడి అవుతూనే ఉండేవి.

వెంగమాంబ కృతులను ఈ దృష్టితో చదివినవారు తక్కువ. తిరుమలలో ముత్యాల హారతి, ఆమె బృందావనం, ఆమె పేరిట 2011లో ప్రారంభమైన అన్నప్రసాద భవనం అందరికీ తెలుసు. ఆమె తరిగొండలో ఉండగా ద్విపదలో వ్రాసిన రాజయోగసారం సంగతి కొద్దిమందికే తెలుసు. దాని వస్తువు భాగవతం తృతీయ స్కంధంలోని కపిల దేవహూతి సంవాదం. మన కవులకు కథానాయికలు కావలసి వస్తే రుక్మిణి ఉంది, సత్యభామ ఉంది. వెంగమాంబ కూడా రుక్మిణీ నాటకం, గోపీ నాటకం, చెంచు నాటకం వంటి యక్షగానాలు వ్రాసింది. అయినా యోగం చెప్పడానికి ఆమె ఎంచుకొన్నది దేవహూతిని. భర్త కర్దముడు సన్యసించి వెళ్ళిపోయాక మిగిలిన స్త్రీ ఆమె. ఆమె తన కుమారుడినే గురువుగా చేసుకొని తత్త్వం అడుగుతుంది. భాగవత మూలంలో తపస్సు చేసే దేవహూతి వంకీల కురులు మూడుపూటల స్నానంతో గోధుమవన్నె జడలుగా మారాయని వర్ణన ఉంది. భర్త తోడు లేని స్త్రీకి జ్ఞానార్హత ఉందనీ, అందుకు తల బోడి కానక్కరలేదనీ చెప్పే పాత్ర పురాణంలోనే సిద్ధంగా దొరికింది. పీఠానికి ఆమె ఇచ్చిన అసలు జవాబు మండిన ఆసనం కాదు, ఈ ద్విపద అని నాకు తోస్తుంది.

ఇక మూడవ సభ. 1919 ఫిబ్రవరిలో రవీంద్రనాథ ఠాకూరు మదనపల్లె థియసాఫికల్ కళాశాలకు వచ్చి జనగణమనను ఇంగ్లీషులోకి అనువదించడం, ప్రిన్సిపాలు జేమ్స్ కజిన్స్ భార్య మార్గరెట్ కజిన్స్ దానికి స్వరలిపి కూర్చడం ప్రసిద్ధం. ఆ మార్గరెట్ కజిన్సే 1917లో అడయారులో భారత మహిళా సంఘం ఏర్పాటుకు పాటుపడ్డది. ఆ డిసెంబరులో మద్రాసులో మాంటేగు ముందు సరోజినీ నాయుడు నాయకత్వాన స్త్రీలకూ వోటు అడిగిన ప్రతినిధివర్గం వెనుక కృషి ఆమెదే. అక్కడ చీర పెరగలేదు, ఆసనం కాలలేదు. అద్భుతం లేదు కనుక జవాబు చెప్పక తప్పలేదు. మొదట కాదన్నారు, తరువాత శాసనసభలకు వదిలారు. 1921లో మద్రాసు శాసనసభ స్త్రీలకు వోటు హక్కు ఇచ్చింది. బ్రిటిషు ఏలుబడిలోని రాష్ట్రాలలో అదే మొదటిది. ఆస్తి ఉన్న కొద్దిమందికే అయినా, అది వరం కాదు, తీర్మానం.

స్త్రీపాత్రను దేవతను చేయడం గౌరవమే. కుప్పం పల్లెలు ద్రౌపదిని మరచిపోనివ్వలేదు, అది చిన్న సంగతి కాదు. కాని దేవతకు హారతిస్తాము, జవాబివ్వము. ఆ వీధినాటకాల్లో ద్రౌపది వేషం సైతం తరతరాలుగా మగవాళ్ళే కడుతూ వచ్చారు. ప్రాతికామి చేత ఆమె పంపిన ప్రశ్న ప్రతి ఎండకాలం అక్కడ మళ్ళీ వినబడుతుంది. ఆ రాత్రి ముందు వరుసలో చాపలమీద కూర్చొని చూసే ఆడవాళ్ళు నిద్రపోరు. వాళ్ళకు ఆ ప్రశ్న అర్థమయిందన్నదానికి నాకు వేరే సాక్ష్యం అక్కరలేదు.

మీ ప్రాంతంలో భారతం జరిగే ఊళ్ళుంటే, అక్కడ జుట్టు ముడిచే చేయి ఎవరిదో, భీముడిదో ద్రౌపదిదో, దయచేసి తెలియజేయగలరు.