కాలము – దూరము లెక్కల పూర్వచరిత్ర

ఏడవ తరగతిలో కాలము–దూరము, కాలము–పని అను పాఠములు వచ్చునప్పటికి మన పల్లెబిడ్డలలో పలువురికి గణితమనిన వెరపు పుట్టుచున్నది. ఆ వెరపుతో బడికే దూరమైనవారును కలరు. ఈ లెక్కలు రైలుబండితో పాటు సీమనుండి దిగినవని పెద్దలు సైతము తలచుచుందురు. అది సరికాదు.

ఆర్యభటుడు క్రీ.శ. 499లో రచించిన ఆర్యభటీయమున, గణితపాదమందు, రెండు గ్రహములు కలియు కాలమును తెలిసికొను సూత్రము కలదు. ఎదురెదురుగా వచ్చునప్పుడు నడుమనున్న దూరమును వేగముల మొత్తముచేతను, ఒకే దిక్కున పోవునప్పుడు వేగముల భేదముచేతను భాగింపవలెను. కర్నూలునుండి కడపకు దారి 200 కిలోమీటర్లనుకొందము. ఇటనుండి బస్సు గంటకు 40, అటనుండి లారీ గంటకు 60 చొప్పున ఒకేసారి బయలుదేరిన, 200ను 100చే భాగింప రెండు గంటలు. నంద్యాల సమీపమున కలియును. బస్సు వెడలిన గంటకు కర్నూలునుండియే కారు 60 చొప్పున వెంటబడిన, నడుమ దూరము 40, భేదము 20; రెండు గంటలలో ఆళ్లగడ్డ దరిదాపుల అందుకొనును. గ్రహములకు బదులు బండ్లు వచ్చినవి, అంతియే.

క్రీ.శ. 850 ప్రాంతమున మహావీరాచార్యుడు గణితసారసంగ్రహము కూర్చెను. ముందుకు కొంత సాగి వెనుకకు కొంత మరలు నడకకు గతినివృత్తియని పేరిడి ప్రత్యేకముగా లెక్కలు చెప్పెను. ఆయన కొనియాడిన ప్రభువు రాష్ట్రకూటుడైన అమోఘవర్ష నృపతుంగుడు. ఆ వంశపు జాడ మనకు దూరమైనది కాదు. జమ్మలమడుగు చెంత, పెన్న ఒడ్డున, దానవులపాటి జైనక్షేత్రములో రాష్ట్రకూట నిత్యవర్షుని శాసనము దొరకినది. ఈ సంస్కృత గ్రంథమునే పావులూరి మల్లన సారసంగ్రహగణితమను పేర తెలుగు చేసెను. ఆయన పదునొకండవ శతాబ్దివాడని కొందరు, పండ్రెండవదని కొందరు. శైవుడగుటచే జైనుల ఉదాహరణములను శైవపరముగా మార్చుకొనెను; లెక్క మాత్రము మారలేదు. మతము మారిన మారుగాక, మూడును మూడును ఆరే గదా!

వీనికన్నిటికి మూలము త్రైరాశికము. ప్రమాణము, ఫలము, ఇచ్ఛ అను మూడు రాశులు తెలిసిన, ఫలమును ఇచ్ఛతో గుణించి ప్రమాణముచే భాగింప నాల్గవది వచ్చును. కరణీకము 1984లో రద్దగువరకు మా పెద్దలు శిస్తు లెక్కలకు దీనినే నమ్ముకొనిరి. నేటికిని పంచాయతీ పద్దులలో నాకదియే దిక్కు.

అయితే బిడ్డలకు సూత్రమిచ్చి పొలము చూపకపోవుట మన బోధనలోని లోపమని నా తలంపు. ఒక కపిల ఆరు దినములలోను, మరియొకటి మూడు దినములలోను ఒక మడిని తడుపును. రెండును కలిసిన ఎన్ని దినములు? బడిపిల్లవాడు తొమ్మిదనును. రెండవ కపిల కట్టిన పని ఆలస్యమగునా యని రైతు నవ్వును. దినమునకు ఆరవవంతు, మూడవవంతు కలిపిన సగము, రెండు దినములే.

తుంగభద్రపై సుంకేసుల ఆనకట్టనుండి వచ్చు కర్నూలు–కడప కాలువ పని 1863లో ఆరంభమైనది. త్రవ్వించిన కంపెనీనుండి ప్రభుత్వము 1882లో దానిని కొనెను. ఆయకట్టు రైతు నోట క్యూసెక్కను మాట నేటికిని నలుగుచునే యున్నది. సెకనుకొక ఘనపుటడుగు నీరు అనుటయు వేగపు లెక్కయే. ఒక దినమునకు సెకనులు 86,400. ఎకరమునకు చదరపుటడుగులు 43,560. కావున ఒక క్యూసెక్కు రేయింబవలు పారినచో ఇంచుమించు రెండెకరములపై అడుగులోతు నీరు నిలుచును. కాలువగట్టుపై వంతు కాచుకొను రైతు దీనిని కాగితము లేకయే చెప్పును. వాని కొడుకు పరీక్షలో దీనినే విడిచి వచ్చును.